విడిగా పంపిన రేకు

సఖినేటిపల్లి,
జూన్.

నాగదుర్గకు,

మీ వదిన సూరాయమ్మ రాస్తున్నది. మీ అన్నయ్య, నీ మేనకోడలు బేబి, నేను బాగానే ఉన్నాం. ఫోన్ ఉండగా ఉత్తరమేంటి అనుకుంటున్నావేమో. ఫోన్లో అయితే నేను అడగాల్సింది అడిగేలోపు నువ్వు ఏడుస్తావు, నువ్వు ఏడిస్తే నేను అరుస్తాను, పక్కనుంచి మీ అన్నయ్య "ఏటయ్యింది, ఏటయ్యింది" అని ప్రాణం తీస్తాడు. కాగితం మీదైతే అందరం మర్యాదగా ఉంటాం. మన గంగాధర సెలవు అయిపోయి మళ్లీ కువైట్ బయల్దేరుతున్నాడు కాబట్టి అతని చేతికిస్తున్నాను.

సంగతేంటంటే, నాకు అక్కడ ఒక ఇల్లు చూడు. వంటపనైనా సరే, పిల్లల్ని చూసే పనైనా సరే. లేసు పని అయిపోయింది దుర్గా. నర్సాపురం షావుకారు దారం ఇవ్వడం మానేశాడు. మిషను లేసు దిగుతుంటే చేతి అల్లిక ఎవరిక్కావాలమ్మా అంటున్నాడు. మన వీధిలో పువ్వులల్లేవాళ్లు, అతుకులేసేవాళ్లు అందరూ రొయ్యల షెడ్డుకి వెళ్తున్నారు. నేనూ వెళ్తున్నాను. పగలంతా ఐసులో చేతులు పెట్టి తలలు తీసి ఇంటికొస్తే, అల్లిక సూది పట్టుకోడానికి వేళ్లు వంగడం లేదు. ఎలాగూ పోయే వేళ్లు ఇక్కడెందుకు, అక్కడే నాలుగు డబ్బులొచ్చే చోట పోనీ అనిపించింది. పాస్‌పోర్టుకి పెట్టాను. మీ అన్నయ్యకి ఇంకా చెప్పలేదు. నువ్వూ చెప్పకు.

వదిన


అర్దియా, కువైట్,
జూలై.

వదినా,

గంగాధర ఉత్తరంతో పాటు నువ్వు పెట్టిన మామిడితాండ్ర కూడా ఇచ్చాడు. అందులో సగం మా యజమానురాలు మామా కూతురు దానా తినేసింది. కాలేజీకి వెళ్లే పిల్ల, తాండ్ర దగ్గర మాత్రం చంటిపిల్లే.

ఇంటి సంగతి చూస్తాను. తొందరపడకు. ఇప్పుడిక్కడ ఎండలు నిప్పులు చెరుగుతున్నాయి, అందరూ ఊళ్లకి పోయే కాలం. కొత్తమనిషిని ఎవరూ తెచ్చుకోరు.

ఈలోగా ఒక మాట. ఇక్కడ జనానికి ఒక జపాన్ సీరియల్ పిచ్చి పట్టింది. "తొమికో దారాల కొట్టు" అని పేరు. నాలుగు భాగాలొచ్చాయి, ఒక సినిమా కూడా తీశారు. అరబీలో మాట్లాడిస్తారు. మామా మొదట్లో విసుక్కునేది, ఇప్పుడు దానా కంటే ముందే ఆవిడ సోఫా ఎక్కి కూర్చుంటుంది. సీరియల్‌తో ఆగితే బాధలేదు. తొమికో టీ కప్పు, తొమికో గొడుగు, తొమికో బిస్కెట్లు. పెద్ద మాల్‌లో ఆవిడ పేరు మీద కాఫీ హోటల్ పెట్టారు. కాఫీ నురగ మీద ఆవిడ ముఖం వేసిస్తారు. "మనిషి ముఖాన్ని తాగడమేంటమ్మా" అని నేనంటే దానా పడీపడీ నవ్వింది.

ఆ తొమికో మెడకి ఎప్పుడూ తెల్ల లేసు కాలరు ఉంటుంది. మొదటిసారి చూసినప్పుడు నా చేతిలో ఇస్త్రీపెట్టె అలాగే ఉండిపోయింది, ఇంకొంచెంలో మామా భర్త బాబా తొడుక్కునే పొడుగు అంగీ, ఆ దిష్‌దాషా కాలిపోయేది. అచ్చం మన అల్లికే! కొట్లలో అమ్మే కాలర్లు మిషనువి, అట్టముక్కల్లా ఉంటాయి. దానాకి నేనొకటి అల్లిపెట్టాను. అది కాలేజీలో ఎవరి కంట పడిందో, లుల్వా అనే ఆవిడ ఇంటికే వచ్చేసింది. ఆ సీరియల్ వస్తువులు అమ్మడానికి జపాన్ కంపెనీ అనుమతి ఉన్న దుకాణం ఆవిడది. జనవరిలో అభిమానులందరికీ పెద్ద సంత పెడుతున్నారట. అందులో చేతితో చేసిన కాలర్లు రెండొందలు పెట్టాలని ఆవిడ కోరిక. "మీ ఊళ్లో చేసేవాళ్లున్నారా?" అని అడిగింది. ఉన్నారని చెప్పేశాను. ఉన్నారు కదా వదినా?

నాగదుర్గ


సఖినేటిపల్లి,
ఆగస్టు.

నాగదుర్గకు,

ఉన్నారా అని అడుగుతావేంటి! నీ ఉత్తరం అరుగు మీద చదివితే మన వీధి ఆడవాళ్లు ముక్కున వేలేసుకున్నారు. ఎక్కడి జపాను, ఎక్కడి కువైటు, మధ్యలో మన అరుగేంటని. ఆ తొమికో ముఖం ఇంకా సబ్బు మీద వేయలేదా అని మీ అన్నయ్య అడగమన్నాడు. అతనికి వేళాకోళం.

చేస్తాం. షెడ్డుకి వెళ్తూనే చేస్తాం. సాయంత్రం వేణ్ణీళ్లలో వేళ్లు నానబెడితే ఓ గంటకి దారిలోకి వస్తున్నాయి. కానీ రెండొందల కాలర్లతో బతుకంతా గడవదు కదా. పాస్‌పోర్టు వచ్చేసింది. ఇల్లు చూడటం మానకు.

శాంపిలు పంపు. మిగతాది మాకొదిలెయ్.

వదిన


అర్దియా,
సెప్టెంబరు.

వదినా,

గంగాధర తోడి డ్రైవరు ఊరొస్తుంటే అతనితో శాంపిలు, దారం పంపుతున్నాను. ఈ కాలరు నేనే అల్లాను. లుల్వా ఫొటోలు జపాన్ పంపి వాళ్ల చేత సరే అనిపించింది. అచ్చం ఇలాగే ఉండాలి. ఒక్క కుట్టు తేడా రాకూడదు. సీరియల్‌లో ఈ కాలరుకి పెద్ద కథే ఉంది గానీ, చెప్తే నువ్వు నవ్వుతావు. రాయను.

ఇల్లు చూస్తూనే ఉన్నాను. మంచివాళ్లు దొరకాలి.

నాగదుర్గ


సఖినేటిపల్లి,
నవంబరు మొదలు.

నాగదుర్గకు,

మొదటి విడత కాలర్లు పంపుతున్నాం. ఎలా వచ్చాయో చూసుకో! పువ్వులు నేను, బేబి. ఆకులు అటువీధి వాళ్లు. అతుకంతా సుబ్బాయమ్మది. ఆవిడ ఒకప్పుడు అక్కడే, సాల్మియాలో ఏళ్లకేళ్లు పనిచేసి వచ్చింది, ఎరుగుదువుగా. ఎన్నాళ్లకో మళ్లీ మా అరుగు మీద దారపుండలు దొర్లాయి. షెడ్డు వాసన వదలని చేతులతో తెల్లదారం ముట్టుకోకూడదని నిమ్మతొక్కలతో తోముకుని మరీ కూర్చున్నాం. ఇంత సంతోషంగా ఉండి చాలాకాలమైంది.

ఒక్క మాట చెప్తాను, నొచ్చుకోకు. నీ శాంపిలులో మెడ దగ్గర నడిమి పువ్వుకి ఏడే రేకులున్నాయి. ఎనిమిదో రేకు మర్చిపోయావు. ఇస్త్రీలు, వంటలు చేసీచేసీ చెయ్యి తప్పిందన్నమాట! "మన దుర్గేనా ఇలా సేసింది" అని సుబ్బాయమ్మ నమ్మలేకపోయింది. ఎవరికీ చెప్పొద్దని అందరి చేతా ఒట్టేయించి, అన్నిటికీ ఆ రేకు మేమే వేసేశాం. నీ పరువు కాపాడాం. లుల్వా అడిగితే శాంపిలు కంటే బాగా కుదిరిందని చెప్పు.

వదిన


అర్దియా,
నవంబరు.

వదినా,

కాలర్లు అందాయి. బాగున్నాయి. మిగతావి కొన్నాళ్లు ఆపండి. ఒంట్లో కొంచెం నలతగా ఉంది, తర్వాత వివరంగా రాస్తాను.

నాగదుర్గ


సఖినేటిపల్లి,
నవంబరు ఆఖరు.

నాగదుర్గకు,

ఐదు నెలల నుంచి కాఫీ నురగ గురించి కూడా పేజీలు నింపిన మనిషివి, మేం ప్రాణం పెట్టి చేసిన పనికి "బాగున్నాయి" అని ఒక్క ముక్క రాశావు. అంటే బాగోలేదన్నమాట. నలత నీకు కాదు, కాలర్లకి. ఏం తప్పు జరిగింది? నేను చిన్నపిల్లని కాదు, చెప్పు.

వీసాలిప్పించే ఏజెంటు మెడికల్‌కి రమ్మని కబురు పెట్టాడు. నీ దారి నువ్వు చూసుకో వదినా అంటే అదీ చెప్పు, అతని దారిలోనే వస్తాను. మీ అన్నయ్యకి తెలిసిపోయింది. రెండు రోజులు అన్నం తినలేదు, మూడో రోజు తిన్నాడు.

వదిన


అర్దియా,
డిసెంబరు.

వదినా,

క్షమించు. నీకు చెప్పడానికి నోరు రాలేదు.

కాలర్లు సులైబియాలో లుల్వా గోడౌనుకి తీసుకెళ్లాం. ఆవిడ ఒకటి తీసింది, నడిమి పువ్వు చూసింది, కింద పెట్టేసింది. ఇంకొకటి తీసింది. "కుల్లా నఫ్స్ షీ?" అంది, అంటే అన్నీ ఇంతేనా అని. ఇంక ఖలాస్ అనుకున్నాను. ఆ ఎనిమిదో రేకు లేకపోవడమే ఆ కాలరు వదినా. నేను మర్చిపోలేదు. కథ నీకు చెప్పకపోవడం నా బుద్ధితక్కువ.

ఆ కథ ఇది. తొమికోకి రిన్ అని చెల్లెలు. వాళ్లమ్మ కోసం ఇద్దరూ కలిసి కాలరు అల్లుతుంటారు. ఆఖరి రేకు చెల్లెలు వేయాలి. "ఇప్పుడే వస్తాను" అని రేవుకి వెళ్లి పడవెక్కి వెళ్లిపోతుంది, మళ్లీ రాదు. బతికుందో లేదో కూడా తెలియదు. తొమికో ఆ ఖాళీ ఉన్న కాలరే మెడకేసుకుని కొట్టు నడుపుతుంది. ఎవరైనా పూర్తి చేస్తామంటే, "అది మా చెల్లెలి రేకు" అంటుంది. ఇక్కడి ఆడపిల్లలు ఆ ఖాళీలో వేలు పెట్టుకుని, ఎవరైనా క్షేమంగా రావాలని మొక్కుకుంటున్నారు.

నవ్వుతున్నావా? నేనూ నవ్వేదాన్ని. ఒకరోజు మామా టీవీ ముందు కూర్చుని కళ్లు తుడుచుకుంటుంటే దానాని అడిగాను. ఇరాకు వాళ్లు ఈ దేశం మీదికొచ్చినప్పుడు మామా అన్నయ్యని ఇంటిముందు నుంచి తీసుకుపోయారట. అప్పటికి మామా స్కూలు పిల్ల. ఈరోజు వరకు ఆయన కబురు లేదు. వీళ్ల దేశంలో అలాంటి ఇళ్లు చాలా ఉన్నాయి. ఈ సీరియల్ ఇక్కడ ఇంతలా ఎందుకు పట్టుకుందో నాకప్పుడు తెలిసింది.

లుల్వా చెడ్డమనిషి కాదు. జపాన్ వాళ్లు ఒప్పుకోరని భయపడుతోంది. సంక్రాంతి నాటికే సంత. నాకేం తోచడం లేదు.

ఇంకొకటి. నీకు నేను ఇల్లు చూడలేదు. ఒక్కరోజు కూడా చూడలేదు. నువ్వు ఇక్కడికి రావడం నాకిష్టం లేదు.

నాగదుర్గ


సఖినేటిపల్లి,
డిసెంబరు.

నాగదుర్గకు,

నీ ఉత్తరం చదివి నిన్ను తిట్టని తిట్టు లేదు. అవన్నీ రాస్తే కాగితం చాలదు. ఇల్లు చూడలేదని నాకెప్పుడో తెలుసు. అబద్ధమాడటం నీ చేతకాదు. అందుకే ఏజెంటుని పట్టుకున్నాను.

కోపం తగ్గాక అసలు ఆ తొమికో సంగతేంటో చూద్దామని బేబిని అడిగాను. అది ఫోన్ తెచ్చి బియ్యండబ్బా మీద నిలబెట్టింది. అంతా అరబీ. సుబ్బాయమ్మ ఉందిగా, ఆవిడే తెలుగు చెప్పింది. ఆవిడకొచ్చింది వంటింటి అరబీ. అందుకని జపాన్ వాళ్లు ఏం మాట్లాడినా మాకు వంట సంగతిలాగే వినపడింది. పోలీసు వచ్చి ఏదో అడిగితే, "అన్నం అయ్యిందా అంటన్నాడు" అంది. అందరం నవ్వీనవ్వీ అలిసిపోయాం. రేవు దగ్గర ఆ చిన్నపిల్ల వెనక్కి తిరిగి ఏదో అంటే సుబ్బాయమ్మ చేతిలో దారం పక్కన పెట్టేసింది. "అక్కా, ఇప్పుడే వత్తా అంటందే" అంది. ఇక ఎవరూ నవ్వలేదు. సుబ్బాయమ్మ కూడా పిల్లల్ని వదిలి కువైట్ విమానమెక్కినప్పుడు అదే మాట చెప్పి వెళ్లిందట.

అయినా నా చేతులతో రేకు లేని పువ్వు చేసి పంపడానికి మనసొప్పలేదు. మేం నేర్చుకున్నది అలా కాదు. మూడు రోజులు అదే ఆలోచన. తర్వాత మా అతుకుబుట్ట చూస్తే తట్టింది. మాది ఎప్పుడూ ముక్కల పనే కదా. పువ్వొకరిది, ఆకొకరిది, అతుకొకరిది. అతకని ముక్కలు బుట్టలో పడుంటాయి. వాటిని చూసి పాడైపోయాయని ఎవరమూ అనం. ఇంకా అతకలేదు అంటాం, అంతే.

కాబట్టి ఇలా చేద్దాం. నీ దగ్గరున్న వాటికి ఎనిమిదో రేకు విప్పెయ్. అది ఆఖర్న వేసింది, దాని కొస అతుకులో దాగి ఉంటుంది, వెతికి లాగితే పువ్వు చెదరకుండా ఊడొస్తుంది. ఊడిన దారంతోనే ఆ రేకు విడిగా అల్లి, చిన్న గుడ్డసంచీలో వేసి, సంచీని కాలరుకి కట్టు. మిగతావి మేం ఇక్కడ అలాగే చేసి పంపుతాం. ఎవరి మనిషి ఇంటికొస్తే ఆరోజు వాళ్లే అతుక్కుంటారు. రాకపోతే సంచీలో ఉంటుంది. ఆ జపాన్ వాళ్లని అడుగు. ఒప్పుకుంటే సరే, లేదంటే మెడికల్‌కి వెళ్తాను. నెలాఖరు దాకా ఏజెంటుని ఆగమన్నాను.

వదిన


అర్దియా,
జనవరి.

వదినా,

జపాన్ వాళ్లు ఒప్పుకున్నారని నీకు ఫోన్లో చెప్పేశాను గానీ, మిగతాది చెప్పేలోపు నువ్వు అరిచిన అరుపుకి లైను పోయింది. వినలేదు కదా, ఇప్పుడు చదువు.

లుల్వా ముందు తల అడ్డంగా ఊపింది. దానా పట్టుబట్టి నీ మాటలన్నీ అరబీలో రాసి ఇచ్చింది. అతుకుబుట్ట సంగతి కూడా రాసింది. లుల్వా అది చదివి, మళ్లీ చదివి, ఫొటోలు పెట్టి ఆరోజే పంపింది. వారం గడిచినా జవాబు లేదు. ఎనిమిదోనాడు వచ్చింది. సరేనన్నారు. ఈ ఆలోచన ఎవరిదో వాళ్ల పేరు సంచీ మీద వేయమన్నారు కూడా. "సూరాయమ్మ, సఖినేటిపల్లి" అని అరబీలో, ఇంగ్లీషులో అచ్చేయించారు. తెలుగులో నేను చేత్తో రాశాను.

శుక్రవారం మధ్యాహ్నం భోజనాలయ్యాక నేను హాల్లో చాప వేసుకుని రేకులు విప్పడానికి కూర్చున్నాను. దానా వచ్చి కూర్చుంది. కాసేపటికి మామా కూడా వచ్చి నా ఎదురుగా చాప మీద కూర్చుంది. ఈ ఇంట్లో ఇన్నేళ్లలో మామా నాతో సమానంగా నేలమీద కూర్చోవడం అదే మొదలు. కొస ఎలా వెతకాలో నేర్పించాను. విప్పుతూ విప్పుతూ వాళ్లన్నయ్య గురించి చెప్పడం మొదలుపెట్టింది. ఆయన ఈలవేస్తే వీధిలో పిల్లులన్నీ వచ్చేవట. ఆయన తినే అన్నం గురించి, వేసుకునే చెప్పుల గురించి, అన్నీ చెప్పింది. మామా నోటంట ఆయన పేరు తనెప్పుడూ వినలేదని దానా తర్వాత నాతో అంది.

సంతలో కాలర్లు ఒక్కటి మిగల్లేదు. బురఖాల్లాంటి అబాయాల మీద వేసుకున్నారు, హిజాబుల కింద వేసుకున్నారు. ఒక ఫిలిప్పీన్స్ నర్సు తన కొడుకు కోసమంది. ఒక పెద్దాయన కాలరు కొని మనవరాలికిచ్చేసి, రేకు ఉన్న సంచీ మాత్రం దిష్‌దాషా జేబులో వేసుకుని వెళ్లిపోయాడు. ఈ ఏడాది పొడుగునా కావాలని, వేరే దేశాల దుకాణాలు కూడా అడుగుతున్నాయని లుల్వా అంటోంది. కాగితాలు పంపుతుంది.

ఒక కాలరు మామా తీసుకుంది. ఒకటి నాకిచ్చి, "నీ రేకు ఎవరి కోసం?" అని అడిగింది. మా ఆయన పోయాడు, ఆయన రాడని నాకు తెలుసు. పిల్లలు లేరు. నేను ఎవరి కోసం ఎదురుచూడాలి? గదిలోకి వెళ్లాక ఆలోచిస్తే తెలిసింది. ఆ కథలో నేను తొమికోని కాదు. పడవెక్కి వెళ్లిపోయిన చెల్లెల్ని నేనే. ఆయన చేసిన అప్పు తీరాక వచ్చేస్తానన్నాను. అది తీరి ఎన్నో ఏళ్లయింది. అక్కడ నాకేముందిలే అని ఉండిపోయాను. ఈ మాట ఎవరికీ చెప్పలేదు. చెప్తే ఎవరైనా రమ్మంటారేమో, ఎవరూ రమ్మనరేమో, రెండూ భయమే.

ఏదో రాసేశాను. పట్టించుకోకు.

నాగదుర్గ


సఖినేటిపల్లి,
ఫిబ్రవరి.

దుర్గా,

ఏజెంటు వచ్చాడు. టీ ఇచ్చి పంపించేశాను. "ఏమండీ, అయితే మీరింక రానట్టేనా?" అన్నాడు. "నాకు ఖాళీ లేదు బాబూ" అన్నాను. ఆ మాట అనడం ఎంత బాగుందో నీకు చెప్పలేను. షెడ్డు మానేశాను. అటువీధి వాళ్లు కూడా ఒక్కొక్కరే మానేస్తున్నారు. సుబ్బాయమ్మ ఇప్పుడు అరుగు మీద కూర్చుని నాలుగో భాగం చెప్తోంది. వంటింటి అరబీతోనే.

ఇంక నీ సంగతి. పట్టించుకోకు అని రాశావు. పట్టించుకున్నాను. లుల్వా పంపిన కాగితాలు అరబీలో ఉన్నాయి. ఆవిడ ఫోన్ చేస్తే సుబ్బాయమ్మ "ఉప్పు సరిపోయిందా అంటంది" అని చెప్తోంది. ఇలాగైతే మా పని మునుగుతుంది. అరబీ వచ్చి, అల్లిక వచ్చి, లుల్వా మనసు తెలిసిన మనిషి ఈ జిల్లా మొత్తానికి ఒక్కత్తే ఉంది, అది అర్దియాలో ఇస్త్రీ చేసుకుంటోంది. నిన్ను రమ్మనేవాళ్లు లేరనుకున్నావా? నేను అడగలేదు నిజమే. నీ బతుకు అక్కడ బాగుందేమో, పిలిస్తే నీకు కష్టమేమోనని నోరు కట్టేసుకున్నాను. నువ్వక్కడ నోరు కట్టేసుకున్నావు. ఇద్దరికిద్దరం సరిపోయాం.

అక్కడుండటానికి నీకిచ్చిన ఇఖామా కాగితం మే నెలలో అయిపోతుందిగా. మళ్లీ చేయించుకోకు. మామాకి చెప్పి, ఆవిడ దీవెన తీసుకుని రా.

మీ అన్నయ్య పడమటి గదిలో వలలన్నీ బయట పడేసి సున్నం వేయించాడు. నేను చెప్పలేదు, నీ ఉత్తరం బేబి చదివి వినిపిస్తే విని, లేచి వెళ్లి తనే మొదలుపెట్టాడు. నిన్న మంచం కూడా తెచ్చాడు. "దుర్గ నిజంగా వత్తాదంటావా?" అని పొద్దుట్నుంచి నా వెనకే తిరుగుతున్నాడు. వస్తుందన్నాను. నన్ను అబద్ధాలకోరుని చెయ్యకు.

వదిన